కదలని ఫైలు, హైకోర్టు గడువు

లైసెన్సు దరఖాస్తుకు ప్రభుత్వ కార్యాలయం ఇవ్వగలిగిన జవాబులు చట్టం లెక్కలో రెండే. మంజూరు చేయడం ఒకటి, కారణం రాసి తిరస్కరించడం రెండోది. మంజూరైతే పని మొదలుపెట్టుకోవచ్చు. తిరస్కరిస్తే చేతిలో ఒక ఉత్తర్వు ఉంటుంది, దాని మీద పై అధికారికి అప్పీలు చేసుకోవచ్చు. చిక్కంతా మూడో స్థితితోనే. ‘ఫైలు సర్క్యులేషన్‌లో ఉంది’, ‘రిమార్కులకు పంపాం’, ‘ఎన్‌వోసీ రావాలి’, ‘సారు క్యాంపులో ఉన్నారు’ అనే మాటల మధ్య నెలలు గడిచిపోతాయి. కాగితం మీద నిర్ణయమే లేదు కనుక అప్పీలుకు వెళ్లే వీలుండదు. ఈ స్థితికి రాజ్యాంగం చూపిన దారి హైకోర్టులో 226వ అధికరణ కింద వేసే మాండమస్ రిట్. చట్టం అప్పగించిన పనిని చేయమని అధికారికి కోర్టు ఇచ్చే ఆదేశం అది. దాని బలం ఎంత, అది ఎక్కడ ఆగిపోతుంది అన్నది దరఖాస్తు పెట్టిన నాడే తెలిసి ఉండాలి. ఎందుకంటే ఫైలు నిద్రపోయిన కాలానికి నష్టపోయేది దరఖాస్తుదారే తప్ప కార్యాలయం కాదు.

పల్నాడు జిల్లా దుర్గి మండలాన్ని తీసుకుంటే, అక్కడి బతుకుతెరువుల్లో ఏదో ఒక అనుమతితో ముడిపడనివి తక్కువ. పత్తి, మిర్చి పండే ఊళ్లలో ఒకే కొట్లో విత్తనాలు, ఎరువులు, పురుగుమందులు అమ్మాలంటే మూడు చట్టాల కింద మూడు కాగితాలు కావాలి: 1983 నాటి విత్తన నియంత్రణ ఉత్తర్వు, 1985 నాటి ఎరువుల నియంత్రణ ఉత్తర్వు, 1968 నాటి క్రిమిసంహారకాల చట్టం. దుర్గి రాతి శిల్పాలకు భౌగోళిక గుర్తింపు ఉంది. శిల్పి ఉలి పట్టడానికి ఎవరి అనుమతీ అక్కర్లేదు. రాయి తీసే క్వారీకి మాత్రం గనుల శాఖ లీజు కావాలి. కోత, పాలిష్ యంత్రాలు పెట్టి తగినంత మంది కూలీలతో నడిపితే ఫ్యాక్టరీల నిబంధనలు వచ్చి పడతాయి. మాచర్ల, దాచేపల్లి, పిడుగురాళ్ల వైపు సున్నపురాయి నేల, దాని మీద సిమెంటు కర్మాగారాలు, సున్నం బట్టీలు. మిఠాయి కొట్టుకు ఆహార భద్రత రిజిస్ట్రేషను, తుపాకీకి ఆయుధ లైసెన్సు. ఫ్యాక్షన్ చరిత్ర ఉన్న పల్నాడులో ఈ చివరి దరఖాస్తును పోలీసులు రెండుసార్లు చూడడంలో వింతేమీ లేదు.

పత్తి విత్తనాలు అమ్మదలచినవాడు వేసవిలో దరఖాస్తు పెడితే తొలకరికి లైసెన్సు చేతికి రావాలి. అది అక్టోబరులో వస్తే కార్యాలయం రికార్డులో ‘మంజూరు’ అనే ఉంటుంది. కొట్టు అద్దె, కంపెనీకి కట్టిన డిపాజిట్టు, ఆ ఏడాది గిరాకీ మాత్రం పోయినట్టే. కోర్టులు ఆలస్యాన్ని సమానత్వాన్ని చెప్పే 14వ అధికరణ దృష్టితోను, వృత్తి వ్యాపార స్వేచ్ఛను చెప్పే 19వ అధికరణ దృష్టితోను చూడడానికి మూలం ఇదే. వ్యాపారం చేసుకోవడం పౌరుడి హక్కు. దాన్ని సహేతుకమైన ఆంక్షలకు లోబరచే అధికారం ప్రభుత్వానికి ఉంది. ఆంక్ష విధించవచ్చు గాని, జవాబే చెప్పకుండా ఆ హక్కును నిరవధికంగా ఆపి ఉంచడం సహేతుకం కాదు.

పల్నాటి మనిషికి ఈ రిట్ అందుబాటులోకి రావడానికి చాలా కాలం పట్టింది. ఇంగ్లండులో పుట్టిన మాండమస్ బ్రిటిష్ ఇండియాలో కలకత్తా, మద్రాసు, బొంబాయి హైకోర్టులకు పరిమితమైంది. 1877 నాటి స్పెసిఫిక్ రిలీఫ్ చట్టం ఆ అధికారాన్ని గుర్తించింది గాని, అది ఆ నగరాల ఎల్లలు దాటేది కాదు. గుంటూరు, గంజాం జిల్లాల రైతు మద్రాసు హైకోర్టు పరిధిలోనే ఉన్నా ఈ తలుపు అతనికి మూసే ఉండేది. 1943లో ప్రీవీ కౌన్సిల్ ముందుకు వచ్చిన పర్లాకిమిడి జమీందారీ శిస్తు వివాదం దీనికి గట్టి నిదర్శనం. శిస్తు ఉత్తర్వు ఇచ్చిన రెవెన్యూ బోర్డు మద్రాసు నగరంలోనే ఉంది. అయినా భూములూ కక్షిదారులూ ఉత్తర సర్కారుల్లో ఉన్నారు కనుక ఆ ఉత్తర్వును రిట్‌తో కదిలించే అధికారం మద్రాసు హైకోర్టుకు లేదని ప్రీవీ కౌన్సిల్ తేల్చింది. అది మాండమస్ కాదు, సెర్షియోరరీ అనే మరో రిట్. ఎల్లల లెక్క మాత్రం అదే.

1950లో రాజ్యాంగం ప్రతి హైకోర్టుకూ తన రాష్ట్రమంతటా రిట్ అధికారం ఇచ్చింది. అయినా ఒక కంత మిగిలిపోయింది, దాన్ని బయటపెట్టింది కూడా తెలుగు ప్రాంతపు కేసే. కాకినాడ రిజర్వుడు స్థానం నుంచి మద్రాసు శాసనసభకు ఎన్నికైన శాకా వెంకటసుబ్బారావు అనర్హత వ్యవహారంలో మద్రాసు హైకోర్టు ఎన్నికల కమిషన్‌కు రిట్ జారీ చేసింది. కమిషన్ ఢిల్లీలో ఉంది, మద్రాసు హైకోర్టు ఎల్లల్లో లేదు, కాబట్టి ఆ రిట్ చెల్లదని 1953లో సుప్రీంకోర్టు కొట్టేసింది. కేంద్ర కార్యాలయం దగ్గర ఆగిన ఫైలు కోసం దేశంలో ఎవరైనా ఢిల్లీ దాకా వెళ్లాల్సిన పరిస్థితి అది. 1963లో 15వ రాజ్యాంగ సవరణ దీన్ని సరిచేసింది. వ్యాజ్య కారణం పూర్తిగా గాని కొంత గాని ఏ రాష్ట్రంలో తలెత్తితే ఆ రాష్ట్ర హైకోర్టే, అధికారి ఎక్కడున్నా, రిట్ ఇవ్వవచ్చు. ఢిల్లీలోనో నాగపూరులోనో ఆగిన దరఖాస్తుకు దుర్గివాసి ఇవాళ అమరావతిలో రిట్ వేయగలగడం ఆ సవరణ ఫలితం. ఆంధ్ర హైకోర్టు 1954లో గుంటూరులో మొదలై, 1956లో హైదరాబాదుకు వెళ్లి, 2019 జనవరి 1 నుంచి మళ్లీ కృష్ణా తీరానికి వచ్చింది. పల్నాటి కక్షిదారుకు బస్సు ఛార్జీ తగ్గింది.

మాండమస్ అడిగేవారిని కోర్టు మొదట అడిగేది, ఆ దరఖాస్తును పరిష్కరించే విధిని అధికారికి ఏ చట్టం అప్పగించిందని. మాట ఇచ్చారు, శంకుస్థాపనలో ప్రకటించారు అన్నవి విధి కిందికి రావు. సెక్షను గాని నియమం గాని చూపాలి. రెండోది దరఖాస్తు సంపూర్ణంగా ఉందా అన్నది. చాలా రిట్లు బలహీనపడేది ఇక్కడే. కోర్టు నోటీసు అందగానే కార్యాలయం చెప్పే మొదటి సమాధానం ‘దరఖాస్తుతో ఫలానా పత్రం జతచేయలేదు’ అని. అందుకే చలానా నకలు, జతచేసిన పత్రాల జాబితా, తేదీతో కూడిన రసీదు, ఇన్‌వర్డ్ నంబరు అన్నిటికంటే ముఖ్యమైన సరుకు. లోపాలు చూపుతూ కార్యాలయం మెమో ఇస్తే దానికి జవాబిచ్చిన రుజువు కూడా ఉండాలి. చేతికిచ్చి వచ్చాం, ఆయనకు తెలుసు అంటే కోర్టులో చెల్లదు.

మూడోది, అడిగారా అన్న ప్రశ్న. విధిని నెరవేర్చమని ముందు స్పష్టంగా కోరాలి, దాన్ని అధికారి నిరాకరించడమో పట్టించుకోకపోవడమో జరగాలి, అప్పుడే మాండమస్ అని సుప్రీంకోర్టు 1974లో సరస్వతి ఇండస్ట్రియల్ సిండికేట్ కేసులో చెప్పింది. దరఖాస్తు తేదీ, నంబరు పేర్కొంటూ రసీదు కోరే రిజిస్టర్డ్ పోస్టులో పంపిన ఒక్క ఉత్తరం ఈ అవసరాన్ని తీరుస్తుంది. నరసరావుపేట కలెక్టరేటులో సోమవారాల్లో తీసుకునే అర్జీకి ఇచ్చే రసీదు కూడా అడిగినట్టు రుజువుగా పనికొస్తుంది. కాకపోతే ఆ అర్జీ తిరిగి అదే కార్యాలయానికి ‘తగు చర్య నిమిత్తం’ చేరుతుంది. సివిలు దావాకు ముందు ప్రభుత్వానికి రెండు నెలల నోటీసు ఇవ్వాలనే సివిల్ ప్రొసీజర్ కోడ్ 80వ సెక్షను నియమం రిట్‌కు వర్తించదు. ఈ రెంటినీ కలగాపులగం చేసుకుని రెండు నెలలు పోగొట్టుకునేవారు ఉన్నారు.

సమాచార హక్కు చట్టం ఇక్కడ బాగా అక్కరకొస్తుంది. ఫైలు ఎవరి దగ్గర, ఏ తేదీ నుంచి ఉంది, దాని మీద రాసిన నోటు ఏమిటి అని అడిగితే 30 రోజుల్లో చెప్పాలి. ఆంధ్రప్రదేశ్ నియమాల ప్రకారం దరఖాస్తు ఫీజు మండల స్థాయిలో 5 రూపాయలు, ఆ పైన 10, గ్రామ స్థాయిలో ఏమీ లేదు. ఆ జవాబులో ‘ఫలానా తేదీ నుంచి పెండింగ్’ అని కార్యాలయమే రాసిస్తే రిట్‌లో వాదించడానికి పెద్దగా ఏమీ మిగలదు. ఆ ఫీజుకు అంతకన్నా గట్టి సాక్ష్యం దొరకడం కష్టం.

ఇక ఎంత కాలం గడిస్తే ఆలస్యం అవుతుంది? చట్టమే గడువు పెడితే లెక్క తేలిక. 2016 ఆయుధ నియమాలు పోలీసు నివేదికకు 30 రోజులు, ఆ నివేదిక అందాక లైసెన్సింగ్ అధికారికి 60 రోజులు పెట్టాయి. చట్టం మౌనంగా ఉంటే ‘సహేతుకమైన కాలం’ అనేదే కొలత. అది వ్యవహారాన్ని బట్టి మారుతుంది. క్వారీ లీజుకు సర్వే కావాలి, తహసీల్దారు నివేదిక కావాలి, కొన్ని చోట్ల అటవీ, పర్యావరణ అనుమతులు కావాలి. అదే కాలం విత్తనాల కొట్టుకు పడితే సమర్థించుకోవడం కష్టం. రిట్‌కు కచ్చితమైన కాలపరిమితి లేదు, అలాగని ఏళ్ల తరబడి ఊరుకుని వచ్చినవారిని కోర్టు ఆదరించదు.

అమరావతిలో దాఖలయ్యే ఇలాంటి రిట్ పిటిషను నమూనా దాదాపు ఒకేలా ఉంటుంది. ఫలానా తేదీ దరఖాస్తును పరిష్కరించకపోవడంలో ప్రతివాదుల చర్య చట్టవిరుద్ధమని, ఏకపక్షమని, రాజ్యాంగంలోని 14, 19, 21 అధికరణలకు విరుద్ధమని ప్రకటించి, ఆ దరఖాస్తును వెంటనే పరిష్కరించమని ఆదేశించాలని ప్రార్థన. ప్రతివాదులుగా శాఖ ముఖ్య కార్యదర్శి, కమిషనరు, కలెక్టరు, చివరగా నిజంగా ఫైలు ఉన్న అధికారి. ఆ వరుసలో అసలు పని చేయాల్సినవాడు చిట్టచివర ఉండడం తెలుగు కార్యాలయ సంప్రదాయానికి తగినట్టే ఉంటుంది. నకలు ముందుగా ప్రభుత్వ ప్లీడరు (జీపీ) కార్యాలయానికి ఇవ్వాలి. కేసు పిలిచినప్పుడు జీపీ ‘ఇన్‌స్ట్రక్షన్స్’ తెప్పించుకోవడానికి కొంత సమయం అడుగుతారు. ఇంతకాలం కదలని ఫైలు చాలాసార్లు ఆ వారంలోనే కదులుతుంది. విషయం దరఖాస్తు పెండింగులో ఉండడం వరకే అయితే, సుదీర్ఘ విచారణ లేకుండా అడ్మిషన్ దశలోనే నాలుగు వారాలనో ఎనిమిది వారాలనో గడువు పెట్టి రిట్‌ను ముగించడం పరిపాటి.

ఆ ఆర్డరులో చదవాల్సిన వాక్యం ఒకటుంది. గడువు సాధారణంగా ‘ఈ ఉత్తర్వు ప్రతి అందిన తేదీ నుంచి’ మొదలవుతుంది, తీర్పు చెప్పిన రోజు నుంచి కాదు. ప్రతిని తీసుకుని, ఒక కవరింగ్ లెటరు జతచేసి, అధికారికి చేర్చి రసీదు పుచ్చుకోవాల్సింది పిటిషనరే. ఆ రసీదు లేకపోతే గడువు ఎన్నడూ మొదలుకాలేదని కార్యాలయం చెప్పగలదు. ఖర్చు భరించలేనివారికి 1987 న్యాయ సేవల అధికార సంస్థల చట్టం కింద హైకోర్టు న్యాయ సేవల కమిటీ వకీలును పెడుతుంది. స్త్రీలకు, ఎస్సీ ఎస్టీలకు, వికలాంగులకు ఆదాయంతో పనిలేకుండానే ఈ సాయం వస్తుంది.

మాండమస్ హద్దు మీదే సామాన్యుల్లో అపోహ ఎక్కువ. ‘కోర్టు ఆర్డరు తెచ్చుకున్నాం కాబట్టి లైసెన్సు ఇచ్చి తీరాలి’ అనుకుంటారు. కోర్టు ఆదేశించేది నిర్ణయం తీసుకోమని. ఏ నిర్ణయం తీసుకోవాలన్నది అధికారి విచక్షణ. 1997లో గుజరాత్ నుంచి వచ్చిన కేసులో సుప్రీంకోర్టు ఈ గీతను గట్టిగా గీసింది. ఒక ఉద్యోగిని ప్రాసిక్యూట్ చేయడానికి అనుమతి ఇవ్వాల్సిందేనని హైకోర్టు ఆదేశించింది, అధికారి ఇచ్చాడు, శిక్ష కూడా పడింది. అధికారి తన బుద్ధితో ఆలోచించే వీలే లేకుండా చేశారు కాబట్టి ఆ అనుమతే చెల్లదని సుప్రీంకోర్టు శిక్షను రద్దు చేసింది. దీనికి మినహాయింపు లేకపోలేదు. కంప్ట్రోలర్ అండ్ ఆడిటర్ జనరల్ ప్రతివాదిగా ఉన్న 1986 కేసులో, అధికారి విచక్షణను వాడకుండా ఉన్నా, దురుద్దేశంతోనో సంబంధంలేని కారణాలతోనో వాడినా, ప్రభుత్వం ఇవ్వాల్సిన ఉత్తర్వును హైకోర్టే ఇవ్వవచ్చని అదే సుప్రీంకోర్టు చెప్పింది. షరతులన్నీ నెరవేరి, అధికారికి ఎంచుకోవడానికి ఇంకేమీ మిగలని సందర్భాల్లోనే ఈ మార్గం పనికొస్తుంది. మొదటి విడతలో దాన్ని ఆశించడం అత్యాశ.

‘పరిశీలించండి’ అన్న ఆదేశం మీద మన ఆర్టీసీ కేసే ఒకటుంది. ఏపీఎస్ఆర్టీసీ సుప్రీంకోర్టుకు తీసుకెళ్లిన వ్యవహారంలో 2006లో జస్టిస్ ఆర్.వి. రవీంద్రన్ ఈ ఆదేశాన్ని విడదీసి చూపించారు. హక్కు మీద ఏ అభిప్రాయమూ చెప్పకుండా ‘పరిశీలించండి’ అంటే, నియమాల ప్రకారం స్వేచ్ఛగా చూసి నిర్ణయించడం. ‘తీర్పులోని వ్యాఖ్యల వెలుగులో పరిశీలించండి’ అంటే, కోర్టు తేల్చిన అంశాలకు కట్టుబడి నిర్ణయించడం. మొదటిదాన్ని రెండోదిగా చదువుకుని ఇష్టంలేకుండానే మంజూరు చేసే అధికారులూ ఉన్నారు, రెండోదాన్ని మొదటిదిగా చదివి మళ్లీ పాత కారణంతోనే తిరస్కరించేవారూ ఉన్నారు. 2008లో తమిళనాడు గనుల శాఖ మాజీ ఉద్యోగి కేసులో అదే న్యాయమూర్తి మరో హెచ్చరిక చేశారు. ఎప్పుడో కాలం చెల్లిన వివాదం మీద కొత్తగా ఒక వినతిపత్రం పెట్టి, దాన్ని పరిశీలించమని కోర్టు నుంచి ఆదేశం తెచ్చుకున్నంత మాత్రాన పాత హక్కు బతికి రాదు.

దరఖాస్తుదారును నిజంగా ముంచేది మాత్రం వేరే ఉంది. ఫైలు ఆగి ఉన్న కాలంలో నియమమే మారిపోవచ్చు. తమిళనాడులో నల్లరాయి క్వారీ లీజులు ఇకపై ప్రైవేటువారికి ఇవ్వకూడదని 1977 డిసెంబరు 2 నుంచి కొత్త నియమం వచ్చింది. అంతకుముందే దరఖాస్తు చేసి, ప్రభుత్వం నానబెట్టడం వల్లే నష్టపోయామన్నవారి వాదన హింద్ స్టోన్ కేసుగా సుప్రీంకోర్టుకు చేరింది. 1981లో తీర్పు రాసిన జస్టిస్ ఓ. చిన్నప్పరెడ్డి తెలుగువారే. దరఖాస్తులను సహేతుకమైన కాలంలో పరిష్కరించాల్సిందేనని ఆయన ఒప్పుకున్నారు. కాని ఆ హక్కు నుంచి, దరఖాస్తు పెట్టిన రోజున ఉన్న నియమాల ప్రకారమే పరిష్కరించాలనే మరో హక్కు పుట్టదని తేల్చారు. నిర్ణయం తీసుకునే రోజున ఏ నియమం ఉంటే అదే వర్తిస్తుంది. 2003లో హౌరా మునిసిపల్ కార్పొరేషన్ కేసులో సుప్రీంకోర్టు అదే దారిలో ఇంకా ముందుకు వెళ్లింది. భవన అనుమతి దరఖాస్తును పరిష్కరించమని హైకోర్టు ఆదేశించిన తర్వాత వచ్చిన ఎత్తు పరిమితి కూడా ఆ దరఖాస్తుకు వర్తిస్తుందని చెప్పింది.

పల్నాడు సున్నపురాయికి ఈ సూత్రం పుస్తకాల్లోది కాదు. 2015లో గనుల, ఖనిజాల చట్టాన్ని సవరించి పెద్ద ఖనిజాల లీజులన్నిటికీ వేలం పద్ధతి తెచ్చారు. కొత్తగా చేర్చిన 10ఎ సెక్షను ప్రకారం 2015 జనవరి 12కు ముందు అందిన దరఖాస్తులన్నీ, కొన్ని మినహాయింపులు తప్ప, అనర్హమైపోయాయి. అప్పటికే కేంద్రం ముందస్తు ఆమోదమో, రాష్ట్రం నుంచి లెటర్ ఆఫ్ ఇంటెంటో ఉన్నవారు ఆ మినహాయింపు పొందినవారిలో ఉన్నారు, వారికీ రెండేళ్లే గడువు. సిమెంటు సున్నపురాయి పెద్ద ఖనిజం. ఏళ్ల తరబడి హైదరాబాదుకూ ఢిల్లీకీ మధ్య తిరిగిన దరఖాస్తు ఆ ఒక్క తేదీతో చిత్తుకాగితమైంది. 2014 డిసెంబరులో పరిష్కారమైన ఫైలుకూ 2015 ఫిబ్రవరిలో బల్ల మీదికి వచ్చిన ఫైలుకూ మధ్య తేడా గుమాస్తా వేగమే కావచ్చు, చట్టం దాన్ని అడగదు. మాండమస్‌కు ముందుగా వెళ్లడం ఎందుకు మేలో ఇంతకంటే బాగా చెప్పే ఉదాహరణ దొరకదు.

పురుగుమందుల వ్యాపారంలోనూ అంతే. నియమాల సవరణతో డీలరుకు సంబంధిత శాస్త్రంలో డిగ్రీ అర్హతగా వచ్చింది. పాత డీలర్లకు వెసులుబాటు ఇచ్చారు గాని, కొత్త దరఖాస్తుదారుకు కొత్త నియమమే.

కొన్ని చట్టాలు కోర్టు దాకా రానక్కర్లేకుండా ఆలస్యానికి తామే ఫలితం నిర్ణయించాయి. గడువు దాటితే అనుమతి వచ్చినట్టే భావించాలి అన్నది ఒక పద్ధతి. 2025 నవంబరు దాకా అమలులో ఉన్న ఫ్యాక్టరీల చట్టం 6వ సెక్షను ప్రకారం స్థలానికీ నిర్మాణానికీ అనుమతి కోరుతూ ప్లాన్లతో సహా రిజిస్టర్డ్ పోస్టులో పంపిన దరఖాస్తుకు మూడు నెలల్లో ఉత్తర్వు రాకపోతే అనుమతి ఇచ్చినట్టే లెక్క ఉండేది. పాలిష్ యూనిట్ పెట్టేవారు ఆ రిజిస్టర్డ్ పోస్టు అనే మాటను గమనించాల్సి ఉండేది. కార్యాలయానికి వెళ్లి చేతికిచ్చి వస్తే ఈ రక్షణ మీద గొడవ మొదలయ్యేది. ఆహార భద్రత, ప్రమాణాల చట్టం 31వ సెక్షను కింద రెండు నెలల్లో లైసెన్సూ ఇవ్వక, తిరస్కరణా చేయకపోతే వ్యాపారం మొదలుపెట్టవచ్చు. చిన్న వ్యాపారుల రిజిస్ట్రేషనుకైతే గడువు ఇంకా తక్కువ. తెలంగాణ 2014లో తెచ్చిన టీఎస్-ఐపాస్ చట్టం భారీ పరిశ్రమలకు 15 రోజులు, మిగతావాటికి 30 రోజులు గడువు పెట్టింది. 2020 నాటి టీఎస్-బీపాస్ భవన అనుమతులకు 21 రోజులు.

చట్టంలో ఈ మాట స్పష్టంగా లేకపోతే మాత్రం ఎవరూ తమంతట తాము అలా భావించుకోకూడదు. గడువు పెట్టి, దాటితే ఏమవుతుందో చెప్పని చట్టాల కింద మౌనం అనుమతి కాదని 1980లో ఢిల్లీ మునిసిపల్ కార్పొరేషన్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. ధైర్యం చేసి కొట్టు తెరిస్తే లైసెన్సు లేని వ్యాపారం కింద కేసు పడుతుంది, అసలు దరఖాస్తుకూ ముప్పు వస్తుంది. ‘భావించడం’ దుర్వినియోగమైన కథలూ ఉన్నాయి. రెన్యూవల్ దరఖాస్తు పెండింగులో ఉందన్న ఒక్క కారణంతో ఏళ్ల తరబడి ఒడిశా, గోవాల్లో నడిచిన గనుల మీద 2014లో సుప్రీంకోర్టు కొరడా ఝళిపించింది. అక్కడ ఆలస్యం వల్ల లాభపడింది దరఖాస్తుదారులే.

దీనికి పూర్తి విరుద్ధమైన పద్ధతి, గడువు దాటితే తిరస్కరించినట్టే భావించడం. 1960 ఖనిజ రాయితీ నియమాల్లో ఒకప్పుడు అలాగే ఉండేది. వినడానికి అన్యాయంగా ఉన్నా దరఖాస్తుదారుకు ఒక వెసులుబాటు ఉండేది: తిరస్కరణ అయినట్టే కనుక కేంద్రానికి రివిజన్ పెట్టుకునే దారి తెరుచుకుంటుంది. తేల్చని మౌనం కన్నా అది నయం.

సముద్రాల అవతలి తెలుగువారికీ ఈ గొడవ పరిచితమే. అమెరికా 1946 నాటి పాలనా విధాన చట్టం ‘చట్టవిరుద్ధంగా ఆపిన, అసమంజసంగా ఆలస్యమైన’ చర్యను జరిపించే అధికారాన్ని కోర్టులకు ఇచ్చింది. మాండమస్ అధికారాన్ని 1962 చట్టం జిల్లా కోర్టులకు అందించింది. 2004లో యూటాలోని కేంద్ర ప్రభుత్వ భూముల కేసులో అక్కడి సుప్రీంకోర్టు చెప్పిన హద్దు మన హద్దు లాంటిదే: చట్టం తప్పనిసరి చేసిన నిర్దిష్టమైన పనినే కోర్టు జరిపించగలదు. హెచ్-1బీ ఉద్యోగుల జీవిత భాగస్వాముల్లో అర్హులకు 2015 నుంచి పని అనుమతి ఇస్తున్నారు. వారిలో తెలుగు మహిళలు చాలామంది. అనుమతి పునరుద్ధరణ నెలల తరబడి ఆగి ఉద్యోగాలు పోయినవారు కోర్టుకెక్కారు. 2023 జనవరిలో కుదిరిన ఒప్పందం ప్రకారం కుటుంబ దరఖాస్తులను అసలు ఉద్యోగి దరఖాస్తుతో కలిపి ఒకేసారి పరిశీలించడానికి వలస శాఖ రెండేళ్లపాటు ఒప్పుకుంది. అక్కడ కోర్టు ఒత్తిడి ఒక్కొక్క ఫైలును దాటి కార్యాలయపు పని పద్ధతినే కదిలించింది. మన దగ్గర ఒక్కో రిట్ ఒక్కో ఫైలును మాత్రమే కదుపుతుంది. దాని పక్కనే ఉన్న ఫైలు అక్కడే ఉంటుంది.

హైకోర్టు పెట్టిన గడువు కూడా దాటిపోతే వచ్చేది కోర్టు ధిక్కార పిటిషను. 1971 ధిక్కార చట్టం కింద ఆరు నెలల వరకు సాధారణ జైలు, రెండు వేల రూపాయల వరకు జరిమానా ఉండవచ్చు. ధిక్కారం జరిగిన ఏడాదిలోగా చర్య మొదలుకావాలి. ఆ ఏడాది దాటనిస్తే ఆర్డరు ఉత్త కాగితమే. అధికారులు ఈ పిటిషనును లైసెన్సు దరఖాస్తు కన్నా శ్రద్ధగా చదువుతారు. 2022 మార్చిలో, పాఠశాలల ఆవరణల్లో గ్రామ సచివాలయాల నిర్మాణంపై ఇచ్చిన ఆదేశాలను అమలు చేయలేదంటూ ఆంధ్రప్రదేశ్ హైకోర్టు ఎనిమిది మంది ఐఏఎస్ అధికారులకు రెండు వారాల జైలు విధించింది. వారు క్షమాపణ చెప్పడంతో సంక్షేమ హాస్టళ్లలో నెలకొక ఆదివారం సేవ చేయాలని మార్చింది. గుంటూరు జిల్లాలో తహసీల్దారుగా ఉన్నప్పుడు హైకోర్టు ఉత్తర్వును పక్కనపెట్టి గుడిసెలు తొలగించిన అధికారిని, డిప్యూటీ కలెక్టరు హోదా నుంచి తిరిగి తహసీల్దారుగా తగ్గించి, లక్ష రూపాయల జరిమానా వేసింది సుప్రీంకోర్టు, 2025 మేలో. రెండూ లైసెన్సు కేసులు కావు. అయినా వాటి ప్రభావం అన్ని సెక్షన్ల బల్లల మీదా ఉంటుంది.

నష్టపరిహారం మాట అరుదు. 1993లో లక్నో డెవలప్‌మెంట్ అథారిటీ కేసులో సుప్రీంకోర్టు, అధికారుల వేధింపు వల్ల పౌరుడికి జరిగిన కష్టానికి పరిహారం ఇప్పించి, ఆ సొమ్మును బాధ్యులైన ఉద్యోగుల నుంచే రాబట్టాలని చెప్పింది. ఆ సూత్రం ఇప్పటికీ చెల్లుతుంది. కాని మామూలు ఆలస్యానికి దాన్ని వర్తింపజేయడం కోర్టులకు అంత ఇష్టం ఉండదు. వేధింపో దురుద్దేశమో రుజువు కావాలి. పోయిన సీజను ఆదాయాన్ని రిట్‌లో లెక్కగట్టి అడిగితే, సాక్ష్యం కావాల్సిన విషయమంటూ సివిలు దావా దారి చూపుతారు.

గడువులోపల తిరస్కరణ ఉత్తర్వే వస్తే మాండమస్ పని ముగిసినట్టే. ఇప్పుడు చేతిలో ఉత్తర్వు ఉంది, అందులో కారణాలు ఉండాలి. ఉత్తర్వులో లేని కారణాలను తర్వాత అఫిడవిట్లతో అతికించడానికి వీల్లేదని ఎన్నికల కమిషన్‌పై వచ్చిన 1977 నాటి కేసు నుంచి స్థిరపడింది. చట్టంలో అప్పీలు ఉంటే దాని గడువు ఉత్తర్వు అందిన రోజు నుంచే మొదలవుతుంది, కాబట్టి కవరు మీది తపాలా ముద్ర కూడా దాచుకోవాలి. అప్పీలు ఉండగా నేరుగా హైకోర్టుకు వస్తే సాధారణంగా వెనక్కి పంపుతారు. సహజ న్యాయం పాటించకపోయినా, అధికార పరిధి లేకుండా ఉత్తర్వు ఇచ్చినా రెండో రిట్‌కు తావుంటుంది. అందులో అడగాల్సింది నిర్ణయం కాదు, ఆ నిర్ణయపు రద్దు.